పీట్ ఆరబెట్టినవాళ్ళు

డెన్మార్కులోని జట్లాండ్ ద్వీపకల్పంలో ఏ చిన్న ఊరి మ్యూజియంకి వెళ్ళినా రెండో ప్రపంచయుద్ధం నాటి పీట్ ఫోటో ఒకటైనా కనిపిస్తుంది. పీట్ అంటే చిత్తడినేలల్లో నాచు పూర్తిగా కుళ్ళక పేరుకున్న మట్టిలాంటి పదార్థం, ఆరబెట్టి పొయ్యిలో కాలుస్తారు. అన్నిట్లోనూ దాదాపు ఒకటే దృశ్యం. నల్లటి గొయ్యి, అందులో పొడుగు బూట్లేసుకున్న మగవాళ్ళు, గట్టుమీద బకెట్ల గొలుసు తిరిగే యంత్రం, సన్నపట్టాల మీద ఇనుప తొట్టిబండ్లు. చూసినవాళ్ళు ఇదేదో గని అనుకుంటారు. గనిలో బొగ్గు తవ్వినట్టే ఇక్కడ పీట్ తవ్వారు, రైలెక్కించారు, ఊళ్ళలో కాల్చుకున్నారు అనుకుని పక్క ఫోటో దగ్గరికి నడుస్తారు. నాకు ఆ ఫోటోలతో ఎప్పుడూ పేచీయే. ఆ గోతిలోంచి పైకొచ్చేదాంట్లో పదింట తొమ్మిదొంతులు నీళ్ళు. దాన్ని పొయ్యిలో మండే సరుకుగా మార్చినవాళ్ళు ఆ ఫోటోల్లో ఉండరు. ఉన్నా ఎక్కడో వెనక, మైదానంలో వంగి ఉన్న చుక్కల్లా ఉంటారు.

నేను డెన్మార్కులో చిత్తడినేలల మీద పని చేస్తాను. ఒకప్పుడు కాలువలు తీసి ఎండగట్టిన నేలల్ని మళ్ళీ తడిపే ప్రాజెక్టులు ఇప్పుడు ఇక్కడ జోరుగా నడుస్తున్నాయి. నేల కింద ఎంత పీట్ మిగిలింది, నీటిమట్టం ఏ లోతున ఉంది అని కొలవడం నా వంతు. సగానికి చీల్చిన గొట్టంలాంటి పరికరాన్ని నేలలోకి దింపి, అరచుట్టు తిప్పి, పైకి లాగుతాం. తెరవగానే లోపలి పీట్ తేనెరంగులో ఉంటుంది. నాచు ఆకులు విడివిడిగా కంటికి ఆనతాయి. గాలి తగిలిన కాసేపటికే, మనం చూస్తుండగానే, నల్లబడిపోతుంది. గుప్పెడు తీసుకుని పిండితే వేళ్ళ సందుల్లోంచి గోధుమరంగు నీళ్ళు కారతాయి. చేతిలో మిగిలేది చిటికెడు పీచు.

ఆ చిటికెడే అసలు సరుకు. నీళ్ళు నిలిచి, గాలి ఆడక, పులుపెక్కిన చోట స్ఫాగ్నమ్ నాచు చచ్చినా పూర్తిగా కుళ్ళదు. ఒకదాని మీద ఒకటి పేరుకుంటూ పోతుంది. ఏడాదికి ఇంచుమించు ఒక మిల్లీమీటరు, అంటే మీటరు మందానికి వెయ్యేళ్ళు. ఆ పొరల నిండా నీళ్ళు. పచ్చి పీట్‌లో తొంభై శాతం నీళ్ళే ఉంటాయి. అది పొయ్యిలో మండాలంటే తేమ ముప్ఫై శాతానికైనా దిగాలి. లెక్క వేసి చూడండి. 1000 కిలోల పచ్చి పీట్‌లో పొడి పదార్థం 100 కిలోలు. ముప్ఫై శాతం తేమతో కలిపి అది 143 కిలోల ఇంధనం అవుతుంది. మిగిలిన 857 కిలోల నీళ్ళు ఎలాగోలా పోవాలి. మంట పెట్టి ఆవిరి చేద్దామా అంటే, ఆ 143 కిలోల పీట్ మొత్తం తగలేసినా అన్ని నీళ్ళు ఆవిరి కావు. కాబట్టి గాలి, ఎండ తప్ప దారి లేదు. డెన్మార్కు వేసవి ఎలా ఉంటుందో ఇక్కడ ఉన్నవాళ్ళకు తెలుసు. వాన ఎప్పుడొస్తుందో, ఎండ ఎన్నాళ్ళుంటుందో ఎవరూ చెప్పలేరు.

ఈ పరిశ్రమ కథంతా ఈ 857 కిలోల చుట్టూ తిరిగిందని నేను నమ్ముతాను. తవ్వడానికి యంత్రం దొరుకుతుంది. ఆరబెట్టడానికి మనుషులు కావాలి.

ఇక యుద్ధం సంగతి. డెన్మార్కులో నల్లబొగ్గు లేదు. యుద్ధానికి ముందు బొగ్గంతా ఓడల్లో వచ్చేది, అందులో ఎక్కువభాగం బ్రిటన్ నుంచి. 1933 వాణిజ్య ఒప్పందం ప్రకారం డెన్మార్కు దిగుమతి చేసుకునే బొగ్గులో 80 శాతం బ్రిటన్ దగ్గరే కొనాలి. బదులుగా డేనిష్ బేకన్‌కి, వెన్నకి బ్రిటన్ మార్కెట్లో చోటు. 1939-40 చలికాలం భయంకరంగా వచ్చింది. దీవుల మధ్య సముద్రం గడ్డకట్టి ఓడలు చిక్కుకుపోయాయి, నిల్వలు కరిగిపోయాయి. సరిగ్గా ఆ చలి వదులుతుండగా 1940 ఏప్రిల్ 9న జర్మన్ సైన్యం దిగింది. ఆ రోజుతో బ్రిటన్ బొగ్గు ఆగిపోయింది. జర్మనీ నుంచి బొగ్గు వచ్చేది గాని, ఎప్పుడూ చాలినంత రాలేదు. మీదట మరో రెండు చలికాలాలు అంతే కఠినం. 1942 జనవరిలో జట్లాండ్‌లో మైనస్ 31 డిగ్రీల దాకా పడిపోయింది. అలాంటి చలిలో ఇంధనం లేకపోతే ఏమవుతుందో విడమరచి చెప్పనక్కర్లేదు.

దాంతో దేశం తన కాళ్ళకింద ఏముందో వెతుక్కుంది. బీచ్ అనే అడవిచెట్ల కలపను ముక్కలు కొట్టి, అరకొరగా కాల్చి, ఆ పొగవాయువుతో లారీలు నడిపారు. జట్లాండ్‌లోనే హెర్నింగ్ దగ్గర సోబ్యులో గోధుమబొగ్గు, అంటే లిగ్నైట్ అనే నాసిరకం బొగ్గు, తవ్వారు. అక్కడ ఇసుకకట్టలు విరిగిపడి మనుషులు చనిపోయారు. ఇప్పటికీ ఆ గుట్టల మధ్య కొన్నిచోట్ల కాలుపెట్టవద్దని బోర్డులుంటాయి, నేల జారుతుందని. ఇక పీట్ మాత్రం దేశమంతా ఉంది. ఉత్తర జట్లాండ్‌లో స్టోర్ విల్డ్‌మోసె, లిల్లె విల్డ్‌మోసె లాంటి మహా చిత్తడులు, సిల్కెబోర్గ్ చుట్టుపక్కల బుడ్డబుడ్డ బాడవలు (పల్లపు చిత్తడులు), కోపెన్‌హాగన్ ఉన్న జీలాండ్ దీవిలో ఓమోసె, హోల్మెగోర్. హోల్మెగోర్ బాడవ పక్కన 1825లో గాజు కర్మాగారం పెట్టిందే ఆ పీట్ కోసం. హెన్రియెట్టె డానెస్కియోల్డ్-సామ్‌సో అనే కౌంటెస్ భర్త పోయాక దాన్ని మొదలుపెట్టారు. మొదటి ప్రపంచయుద్ధంలోనూ పీట్‌కి గిరాకీ వచ్చి, ఆ తర్వాత ఒక్కసారిగా పడిపోయింది. అందుకే 1940లో చాలామంది దగ్గర పనితనం మిగిలే ఉంది, పాకల్లో పాత యంత్రాలు తుప్పు పడుతూ ఉన్నాయి. వాటిని బయటికి లాగారు. కొన్నేళ్ళలోనే ఏటా లక్షల టన్నుల నుంచి మిలియన్ల టన్నులకు చేరింది.

పని తీరు చెప్తాను, ఎందుకంటే ఇక్కడే అందరూ గబగబా దాటేస్తారు.

పైపైన పీచుగా ఉండే నాచు పీట్ అయితే పారతో గోడలోంచి నేరుగా దిమ్మలు కోసేవాళ్ళు. అది పాత పద్ధతి, చిన్న రైతు తన ఇంటివరకు చేసుకునేది. అమ్మకానికి చేసేది వేరు. గోతిలోంచి తీసిన ముద్దలో నీళ్ళు కలిపి మెదపాలి. పూర్వం గుర్రాలతో తొక్కించేవాళ్ళు, తర్వాత మర వచ్చింది. ఉన్న నీళ్ళు చాలవన్నట్టు ఇంకా నీళ్ళు కలపడమేంటని నాకూ మొదట్లో ఆశ్చర్యమేసింది. కారణం ఇది: మెదిపినప్పుడు పీచు తెగి, ముద్ద అంతా ఒకేలా అవుతుంది. ఆరేటప్పుడు అన్నివైపులా సమంగా ముడుచుకుపోతుంది. గట్టిపడుతుంది, దట్టమవుతుంది, పైన ఒక నున్నటి తోలు కడుతుంది. ఆ తోలు కట్టిన దిమ్మ మీద వాన పడినా లోపలికి దిగదు. మెదపని దిమ్మ వానకి మళ్ళీ నీళ్ళు తాగుతుంది.

మెదిపిన జావను తొట్టిబండ్లలో ఆరబెట్టే మైదానానికి తోలి, నేలమీద పోసి, చెక్క అచ్చులతో పచ్చి ఇటుకల్లా వరసలు తీర్చేవాళ్ళు. పెద్ద కంపెనీల దగ్గర యంత్రమే ముద్దను మూతిలోంచి తాడులా బయటికి తోస్తుంది, దాన్ని పలకల మీద ముక్కలు కోస్తారు. ఇంతవరకు మగవాళ్ళ పని, ఇంతవరకే ఫోటోలు.

ఆ తర్వాత ఆ మైదానంలో వేలకువేలు, లక్షలకులక్షలు నల్లటి తడి దిమ్మలు పరుచుకుని ఉంటాయి. పైభాగం ఆరుతుంది, అడుగు ఆరదు. ప్రతి దిమ్మనీ చేత్తో తీసి తిరగేయాలి. కొన్నాళ్ళాగి నిలబెట్టాలి, ఒకదానికొకటి ఆనించి. ఇంకొన్నాళ్ళకి గాలి దూరేలా సందులు వదిలి గుండ్రంగా గుమ్మటాల్లా పేర్చాలి. మళ్ళీ విప్పి, లోపలివి బయటికి, బయటివి లోపలికి మార్చి పేర్చాలి. చివరికి పెద్ద వాములు వేయాలి. అంటే ఒక్కో దిమ్మ పొయ్యి చేరేలోగా ఎన్నిసార్లు ఒకరి చేతిలోకి వచ్చి ఉంటుందో ఊహించండి. తవ్వడంలో ఎన్ని యంత్రాలు వచ్చినా, ఈ దశలో చేతికి బదులు పనికొచ్చేది ఏదీ లేదు. తడి దిమ్మ ఎంత మెత్తగా ఉంటుందంటే కాస్త గట్టిగా పట్టుకుంటే వేళ్ళు దిగిపోతాయి. ఇది చేసింది ఆడవాళ్ళు, పిల్లలు. ఊరి మగవాళ్ళ భార్యలు, పక్కపొలాల కూలీల పిల్లలు, బడి సెలవుల్లో చిన్నవాళ్ళు. కూలి వెయ్యి దిమ్మలకింత అని.

మేము కొలతలు తీస్తున్న ఒక బాడవ పక్కన ఇంట్లో తొంభై దాటిన ఒక పెద్దావిడ ఉంటారు. నేల ఇప్పుడు ఆవిడ కొడుకు చేతిలో ఉంది. గొట్టాలు దించడానికి అనుమతి అడగడానికి వెళ్తే కాఫీ పెట్టారు, నేను పీట్ గురించి అడిగానని తెలిసి కుర్చీ దగ్గరికి లాక్కున్నారు. యుద్ధకాలంలో ఆవిడకి పది పన్నెండేళ్ళు. తల్లితో, అక్కతో కలిసి ఆ మైదానంలోనే దిమ్మలు తిరగేశారట.

"ఎప్పుడు తిరగేయాలో ఎలా తెలిసేది మీకు?" అని అడిగాను.

"అంచు చూడాలి. అంచులు తెల్లబోతాయి చూడు, అప్పుడు. తొందరపడి తీశావంటే అడుగుతోలు నేలకే అంటుకుపోతుంది, దిమ్మ చేతిలో విరుగుతుంది. విరిగినదానికి డబ్బులివ్వరు. ఆలస్యం చేశావంటే వాన."

బల్లమీద రెండు చేతులూ పెట్టి చూపించారు. ఒక్కో చేత్తో ఒక్కో దిమ్మ, రెండూ ఒకేసారి లేపాలి. మణికట్టు తిప్పుతూనే రెండిటినీ తలలు ఆనించి నిలబెట్టాలి. ఒక చేత్తో చేస్తే సాయంత్రానికి సగం పనే అవుతుంది. నడుం వంచి వరస చివరిదాకా వెళ్ళి, అక్కడ ఒక్కసారి నిటారుగా నిలబడి, మళ్ళీ వంగి తిరిగి రావాలి. మధ్యలో లేస్తే నడుం ఇంకా నొప్పెడుతుందట, అందుకే వరస పూర్తయ్యేదాకా తల్లి లేవనిచ్చేది కాదట. ఎండిన పీట్ అంచులు గరుకు. వేళ్ళ చివర్ల చర్మం పగిలి, ఆ పగుళ్ళలో నల్లటి ధూళి చేరి, ఎంత కడిగినా వేసవంతా పోయేది కాదు. ఆదివారం చర్చికి వెళ్ళినప్పుడు చేతులు వెనక్కి పెట్టుకునేదాన్ని అన్నారు. ఆ డబ్బు పెట్టి అక్కకి కన్ఫర్మేషన్ (చర్చిలో చిన్నవాళ్ళకి జరిపే వేడుక) గౌను గుడ్డ కొన్నారు. గుడ్డ కూడా రేషనే. డబ్బుంటే సరిపోదు, కూపన్లు కూడా కావాలి. వాటికోసం తల్లి ఎవరెవరి దగ్గరో వెన్న మార్చి తెచ్చిందని ఇప్పటికీ గర్వంగానే చెప్తారు.

ఆవిడ చెప్పిన ఇంకో సంగతి నాకు బాగా గుర్తుండిపోయింది. తిరగేస్తుంటే ఒక దిమ్మ రెండు ముక్కలైంది. విరిగిన చోట మధ్యలో హేజెల్ గింజ పెంకు, చెక్కు చెదరకుండా. కొరికి చూశావా అని అక్క అడిగిందట. జేబులో వేసుకుని ఇంటికి తెచ్చుకుంటే ఎండి పొడైపోయింది. మా పనిలో ఇలాంటి పెంకులు కనబడుతూనే ఉంటాయి. రాతియుగం మనుషులు సరస్సు గట్టున కూర్చుని హేజెల్ గింజలు కొట్టుకు తిన్నారు, సరస్సు పూడి చిత్తడి అయింది, పెంకులు లోపల అలాగే ఉన్నాయి. ఆ మైదానం మీద పనిచేసిన పిల్లల జేబుల్లోకి ఇలాంటివెన్ని వెళ్ళాయో.

పని కాలం చాలా తక్కువ. నేల కరిగి, మంచు భయం పోయాక వసంతంలో మొదలు. తడి దిమ్మ మీద మంచు పడితే లోపల నీళ్ళు గడ్డకట్టి దిమ్మ పొడిపొడిగా రాలిపోతుంది. అటు చివర, జులై దాటాక పోసింది చలికాలంలోగా ఆరదు. ఈ మధ్యలోనే దేశానికి సరిపడా ఇంధనం నేలమీద పరిచి, తిరగేసి, పేర్చి, వామి వేయాలి. వానలు పడిన వేసవి అంటే వచ్చే జనవరిలో గదుల్లో చలి. ఎండ ముదిరితే మరో ప్రమాదం. ఒక నిప్పురవ్వ పడితే బాడవే అంటుకుంటుంది, నేల లోపల్లోపలే రోజుల తరబడి మండుతుంది.

గోతిలో మగవాళ్ళ గురించి తేలిగ్గా మాట్లాడటం నా ఉద్దేశం కాదు. ఆ పనీ నడుం విరిగే పనే. 1940లో డెన్మార్కులో నిరుద్యోగం ఎక్కువగా ఉంది. పని లేనివాళ్ళ మీద జర్మనీకి పనికి వెళ్ళమన్న ఒత్తిడీ ఉండేది. వేలమంది వెళ్ళారు కూడా. అలాంటప్పుడు పీట్, గోధుమబొగ్గు పనులు ఊళ్ళోనే ఉండిపోవడానికి ఒక సాకు, ఒక ఆసరా. కోపెన్‌హాగన్ నుంచి, పట్టణాల నుంచి పార పట్టడం ఎరగనివాళ్ళు వచ్చి చెక్క బరాకుల్లో ఉండి, అద్దెబూట్లు, చెక్కచెప్పులు వేసుకుని ముక్కల లెక్కన కూలి చేశారు. అరచేతులు బొబ్బలెక్కి వారంలోపే వెనక్కి పోయినవాళ్ళూ ఉండి ఉంటారు. ముక్కల లెక్క కూలి బలంగా ఉన్నవాడికి మంచిదే, అందరికీ కాదు.

పట్నంలో పీట్ చేరాక కూడా పని అవ్వలేదు. ఎండిన పీట్‌లో బొగ్గుతో పోలిస్తే కిలోకి సగం వేడే ఉంటుంది. పైగా తేలిక, చోటు ఎక్కువ తింటుంది. అదే వేడి కావాలంటే బొగ్గుకి మూడు నాలుగింతల చోటు కావాలి. నేలమాళిగ నిండిపోతే మెట్లకింద, బాల్కనీలో, ఎక్కడ పడితే అక్కడ పీట్. దాన్ని బకెట్లలో నాలుగంతస్తులు పైకి మోయాలి. త్వరగా మండి అయిపోతుంది, మాటిమాటికీ వేస్తూ ఉండాలి. బూడిద బొగ్గు కంటే పెద్ద మోతాదు, మెత్తగా ఇల్లంతా లేస్తుంది. అంటే మైదానంలో ఆడవాళ్ళు ఆరబెట్టిందాన్ని, పట్నంలో ఆడవాళ్ళు మోసి, మండించి, బూడిద ఎత్తారు. యుద్ధకాలపు లెక్కల పుస్తకాల్లో టన్నులుంటాయి గాని ఈ పని గంటలు ఎక్కడా కనబడవు.

తవ్వకాల వేగం పెరగడంతో ఆ నేల దాచుకున్నవి కూడా వరసగా బయటికొచ్చాయి. 1942లో జీలాండ్‌లోని వెక్సో దగ్గర పీట్ తవ్వుతుంటే కొమ్ములున్న రెండు కంచు శిరస్త్రాణాలు దొరికాయి. అవి వైకింగులకి దాదాపు పదిహేడు వందల ఏళ్ళ ముందటివి. 1944లో హోల్మెగోర్ బాడవలో ఎల్మ్ చెక్క విల్లులు, తొమ్మిదివేల ఏళ్ళ నాటివి. ఇవి ఐరోపాలో దొరికిన అతి పాత విల్లుల్లో లెక్క. 1946లో పోర్స్‌మోసె దగ్గర ఒక మనిషి అస్థిపంజరం. ముక్కు దగ్గర ఒక ఎముక బాణం, రొమ్ము ఎముకలో మరొకటి అలాగే గుచ్చుకుని ఉన్నాయి. అదే ఏడాది నుంచి బొరెమోసెలో ఒకరి తర్వాత ఒకరు ఇనుపయుగానికి, అంతకు ముందటికి చెందిన మనుషులు. 1950 మే నెలలో సిల్కెబోర్గ్ పడమటి బాడవలో టోలుండ్ మనిషి. తోలు టోపీ, మెడలో అల్లిన తోలుతాడు, గడ్డం మీద మొలిచీ మొలవని వెంట్రుకలు. ఇంచుమించు 2,400 ఏళ్ళ నాటి ముఖం. చూసినవాళ్ళు ఇది కొత్తగా జరిగిన హత్య అనుకుని పోలీసుల్ని పిలిచారు. ఆర్కియాలజిస్ట్ పి.వి. గ్లోబ్ ఓర్హుస్ నుంచి వచ్చి చూశాడు. కడుపులో చివరి భోజనం బార్లీ, అవిసె, కలుపుగింజల జావ.

ఇక్కడ ఒక్క మాట. టోలుండ్ మనిషిని కనుక్కున్నది ఒక కుటుంబం, తమ ఇంటి పొయ్యికోసం చేత్తో పీట్ కోసుకుంటూ. పారపట్టిన మనిషి కన్ను అడుగు అడుగునా చూస్తుంది. బకెట్ల గొలుసుకి కళ్ళు లేవు. యుద్ధకాలంలో యంత్రాల్లో మెదిగిపోయినవి ఎన్నో మనకి ఎప్పటికీ తెలియవు. నాకు ఆ హేజెల్ పెంకు గుర్తొచ్చేది ఇక్కడే. మర దాటి కూడా ఒక పెంకు మిగిలిందంటే, ఆ చిన్నదాన్ని చూడగలిగింది దిమ్మని చేత్తో పట్టుకున్న పిల్లే.

ఆ ఏళ్ళలోనే ఇంకొకరు ఇదే పీట్‌ని కాల్చకుండా చదువుతూ కూర్చున్నారు. యోహానెస్ ఇవర్సెన్ అనే డేనిష్ శాస్త్రవేత్త బాడవ పొరల్లో చిక్కిన పుప్పొడి రేణువులు లెక్కపెట్టి, రాతియుగంలో మొదటి రైతులు అడవి కొట్టి, పశువుల్ని మేపి, సాగు మొదలుపెట్టిన తీరుని అందులో చూపించాడు. ఆ పరిశోధన అచ్చయింది 1941లో, ఆక్రమణ కాలంలో. ఎల్మ్ రేణువులు తగ్గడం, గడ్డి పెరగడం, ఆపై బిర్చ్, హేజెల్ తిరిగి రావడం. పొర తర్వాత పొర. నేను రోజూ వాడే పద్ధతుల్లో సగం ఆయన పునాది మీద నిలబడినవే. ఒక మీటరు పీట్ అంటే వెయ్యేళ్ళ రికార్డు. యుద్ధం దాన్ని ఒక చలికాలంలో పొగగొట్టంలోంచి పంపేసింది. చలికి వణుకుతున్న ఇంట్లో ఈ మాట చెప్పే హక్కు ఎవరికీ లేదు, ఆ సంగతి నాకు తెలుసు. అయినా నష్టం నష్టమే.

1945 మే 5న స్వేచ్ఛ వచ్చింది. బొగ్గు మాత్రం వెంటనే రాలేదు. బ్రిటన్‌కే బొగ్గు కొరత, డెన్మార్కు దగ్గర విదేశీ మారకం లేదు. పీట్ మైదానాలు ఇంకొన్నేళ్ళు అలాగే నడిచాయి. 1950లో ఒక కుటుంబం ఇంకా చేత్తో కోసుకుంటోందంటే అందుకే. ఆ తర్వాత బొగ్గు మళ్ళీ మామూలుగా దొరికింది, చమురు వచ్చింది, పరిశ్రమ కుప్పకూలింది. గోధుమబొగ్గు మాత్రం 1970 దాకా లాగింది. పీట్ తవ్వకం తర్వాత మొక్కల కుండీలకు నాచు అమ్మే వ్యాపారంగా మిగిలింది. లిల్లె విల్డ్‌మోసెలో అది 2011లో ఆగిపోయింది. ఇప్పుడక్కడ నీళ్ళు తిరిగి నింపుతున్నారు, స్వీడన్ నుంచి తెచ్చిన ఎల్క్ అనే పెద్ద దుప్పులు తిరుగుతున్నాయి.

బాడవల్లో గోతులు మాత్రం దేశమంతా ఉన్నాయి. దీర్ఘచతురస్రాకారపు చెరువులు, గీత గీసినట్టు నిటారు అంచులు. పైనుంచి లేజర్‌తో తీసిన ఎత్తుల పటంలో చూస్తే అచ్చం ముద్రలు వేసినట్టు కనిపిస్తాయి. కొత్తగా చేరినవాళ్ళు ముందు వాటినే చూస్తారు. నేను వాళ్ళకి పక్కనున్న చదునైన భాగం చూపిస్తాను. గొయ్యి ఎకరం ఉంటే, ఆరబెట్టే మైదానం దానికి ఎన్నో రెట్లు. అడుగు తేమ తగ్గడానికి దానిమీద దగ్గర దగ్గరగా సన్న కాలువలు తీశారు. ఎనభై ఏళ్ళయినా అవి పూడలేదు. గడ్డి కప్పేసింది గాని కింద నీళ్ళు ఇంకా పారుతూనే ఉన్నాయి, పీట్‌ని ఆరబెడుతూనే ఉన్నాయి. ఆరిన పీట్ గాలి తగిలి కుళ్ళి, కార్బన్ డయాక్సైడ్ అయి పోతుంది. పొయ్యిలో పెట్టకుండానే కాలుతున్నట్టు లెక్క.

2024లో డెన్మార్కు ప్రభుత్వం, రైతు సంఘాలు, పర్యావరణ సంఘాలు వగైరాల మధ్య కుదిరిన హరిత త్రైపాక్షిక ఒప్పందంలో 1,40,000 హెక్టార్ల పల్లపు నేలల్ని సాగు నుంచి తప్పించాలని ఉంది. మా ప్రాజెక్టు అందులో చిన్న ముక్క. అందరూ గోతుల్లో నీళ్ళెలా నిలపాలని అడుగుతారు. గోతుల్లో నీళ్ళు వాటంతటవే నిలుస్తాయి. మా అసలు పని ఆ మైదానం కాలువలు ఒక్కొక్కటీ వెతికి మూయడం. పటంలో దొరకని రెండు కాలువలు ఎక్కడున్నాయో ఆ పెద్దావిడే చెప్పారు. ఒకటి ఇంటికి దగ్గరగా, గట్టు పక్కన, తల్లి అన్నం డబ్బా పెట్టుకునే చోటు. అక్కడ గునపం దించితే నీళ్ళ చప్పుడు వినబడింది. ఇంకొకటి ఇంకా వెతుకుతున్నాం. వచ్చేవారం కొడుకు ట్రాక్టరు ఇస్తానన్నాడు.